తందికన్ కోసం పలవాన్‌లో అయిదు రోజులు

మొదటి రోజు

తందికన్ అనే పిట్టను నేను మొదట చూసింది ఫిలిప్పీన్స్‌లోని పలవాన్ దీవిలో, ప్యూర్టో ప్రిన్సెసా నగర ముద్ర మీద. విమానాశ్రయం నుంచి ట్రైసికిల్‌లో వస్తుంటే నగరపాలక సంస్థ బోర్డు ఒకటి ఎదురైంది. దాని మీద ముద్ర, ముద్రలో పిట్ట. బండి ఆపమని దిగి, ఆ బోర్డుకే ఒక ఫొటో తీసుకున్నాను. "మామా, అడవిలో చూద్దాం పద, ఇక్కడేంది?" అన్నాడు మా అక్క కొడుకు. వాడు దవావోలో మెడిసిన్ చదువుతున్నాడు. తెలుగు పిల్లలు అక్కడ వందల్లో ఉంటారు, ఇంట్లో ఎవరో ఒకరు ఫిలిప్పీన్స్‌లో చదువుతున్నవాళ్లు బద్వేలులోనే చాలామంది తగులుతారు. సెలవులకు వాణ్ణి చూసినట్టుంటుందని బయల్దేరాను గానీ, మనసులో ఉన్నది మాత్రం ఈ పిట్టే. భారతీయులకు 14 రోజుల దాకా వీసా అక్కర్లేదని 2025లో ఫిలిప్పీన్స్ ప్రకటించడంతో ఆ చిక్కు కూడా తీరిపోయింది.

ఇంగ్లీషు వాళ్లు దీన్ని పలవాన్ పీకాక్ ఫెజెంట్ అంటారు. మన భాషలో చెప్పాలంటే నెమలికోడి అనుకోవచ్చు. శాస్త్రీయ నామం పాలీప్లెక్ట్రాన్ నెపోలియోనిస్. ఫ్రెంచి పక్షి శాస్త్రవేత్త లెసన్ 1831లో నెపోలియన్ పేరు తగిలించాడు. ఆ చక్రవర్తి ఈ దీవి ముఖం చూసిందీ లేదు, ఈ పిట్ట ముఖం చూసిందీ లేదు. దాని పక్కనే బతికిన పలవాన్ జనం పెట్టుకున్న పేరు తందికన్. నేను ఆ పేరే వాడతాను.

ఈ జాతి పిట్టలు ప్రపంచంలో ఎనిమిది రకాలు. ఒకటి మన ఈశాన్య రాష్ట్రాల అడవుల్లో కూడా ఉంది. తందికన్ మాత్రం పలవాన్ దీవి దాటి ఎక్కడా లేదు. మ్యాపులో చూస్తే పలవాన్ ములక్కాయలా ఉంటుంది, సుమారు 450 కిలోమీటర్ల పొడవు, సన్నటి వెడల్పు. ఆ ములక్కాయలో కూడా పల్లపు అడవి మిగిలిన చోటే ఇది బతుకుతుంది. ఎత్తయిన కొండలెక్కదు. నిపుణుల అంచనా ప్రకారం 20,000 నుంచి 50,000 మధ్య ఉండొచ్చు, తగ్గుతున్నాయి. అంతరించే ముప్పు పొంచి ఉన్న జాతుల జాబితాలో దీని పేరుంది. అంతర్జాతీయ వ్యాపారం పూర్తిగా నిషేధం.

ఇరవై వేలంటే ఎక్కువే కదా అనిపించవచ్చు. నాకు అలా అనిపించదు. మాది లంకమల కిందున్న ఊరు. కలివికోడి ఊరు. ఆ సంగతి తర్వాత చెబుతాను.

రెండో రోజు

పొద్దున ఏడింటికి వ్యాను. సబాంగ్ ఊరు 80 కిలోమీటర్ల దూరం, రెండు గంటల ప్రయాణం. ద్వీపాన్ని అడ్డంగా దాటి పడమటి తీరానికి వెళ్లాలి. మలుపులో ఉలుగన్ అఖాతం కనబడినప్పుడు డ్రైవరు తనంత తానే బండి ఆపాడు. తర్వాత సున్నపురాతి గుట్టలు మొదలయ్యాయి. నల్లగా, నిట్టనిలువుగా, నెత్తిన చెట్లు పెట్టుకుని పొలాల మధ్యలో నిలబడి ఉంటాయి. మా నల్లమల కొండలు పడుకున్నట్టుంటాయి, ఇవి లేచి నిలుచున్నట్టున్నాయి.

సబాంగ్‌లో దిగగానే నా కళ్లు పోయింది చెట్ల మీదికి. తలలు విరిగిన మానులు. మధ్యకు తెగి, తెగిన చోటు నుంచి చీపురుకట్టలా కొత్త కొమ్మలు తొడిగినవి. 2021 డిసెంబరులో ఒడెట్ తుపాను ఈ తీరాన్ని ఊడ్చిపెట్టింది. ఊళ్లో కప్పులు లేచిపోయాయి, పక్కనున్న జాతీయ పార్కు మూతపడింది, పెద్ద చెట్లు వందల ఏళ్ల నుంచి నిలబడినవి ఒక్క రాత్రిలో కూలాయి. పైన గొడుగులా ఉన్న ఆకు పోతే కిందికి ఎండ దిగుతుంది. నేల ఎండుతుంది, తీగలు అల్లుకుంటాయి. నీడలో మెత్తటి ఆకుల మీద నడిచే పిట్టకు అది ఇల్లు కూలిపోవడమే.

మా గైడు యాభై దాటిన మనిషి. మా వాడు ఆయన్ను "కుయా" అని పిలిచాడు. కుయా అంటే వాళ్ల భాషలో అన్న. నేనూ అలాగే పిలిచాను. ఆయన నన్నూ కుయా అన్నాడు. ఇద్దరం ఒకరికొకరం అన్నలమయ్యాం.

మధ్యాహ్నం మడ అడవిలో తెడ్డు పడవ మీద తిప్పారు. నీళ్ల మీద వేళ్లు నిలబెట్టిన మడచెట్లు, వాటి మీద పసుపు నలుపు పట్టీల మడ పాము చుట్టుకుని నిద్రపోతోంది. పడవ నడిపే ఆవిడ ఒక పాట పాడింది. ఒడ్డున ఒకతను కుళ్లిన మడ దుంగను గొడ్డలితో చీల్చి లోపలి నుంచి జానెడున్నర పొడవున్న మెత్తటి తెల్లటి పురుగును లాగాడు. పేరు తమిలోక్. నిజానికి పురుగు కాదు, నత్తల చుట్టం. కడిగి, వెనిగర్‌లో ముంచి పచ్చిగానే తింటారు. మా వాడు ఒకటి మింగాడు. నేను దండం పెట్టాను.

సాయంత్రం సముద్రపు ఒడ్డున కుయా రేపటి సంగతులు చెప్పాడు. పార్కు రేంజర్ స్టేషన్ దగ్గర మనుషులకు అలవాటైన మగ తందికన్ ఒకటి చాలా ఏళ్లు ఉండేది. దాని ఫొటో కోసమే ప్రపంచం నలుమూలల నుంచి పక్షుల వాళ్లు వచ్చేవారు. వంటింటి వెనక నాటుకోడిలా తిరిగేదట. "ఒక పిట్ట మా ఊరికి ఎంత పని ఇచ్చిందో" అన్నాడు. పడవల వాళ్లు, వంటల వాళ్లు, గైడ్లు, అందరూ దాని పేరు చెప్పుకుని నాలుగు పెసోలు చూసినవాళ్లే. ఇప్పుడు అది లేదు. అడవిలో ఉన్నవాటిని వెతుక్కోవాలి. కనబడొచ్చు, కనబడకపోవచ్చు.

మూడో రోజు

రేవు నుంచి మొదటి పడవ. పడవకు రెండు పక్కలా వెదురు చేతులు, సముద్రంలో సాలీడు నడిచినట్టుంటుంది. బంకా అంటారు. ఇరవై నిమిషాల్లో కొండ అవతలి ఇసుక ఒడ్డున దించారు. ఇది యునెస్కో 1999లో ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చిన చోటు. కొండ కింద 8 కిలోమీటర్లకు పైగా పారి నేరుగా సముద్రంలో కలిసే నది ఇక్కడిది. జనం దాని కోసం వస్తారు. రోజుకు ఇంతమందినే అని లెక్క పెట్టి పర్మిట్లు ఇస్తారు.

మిగతా వాళ్లు గుహ వైపు వెళ్లారు. మేము రేంజర్ స్టేషన్ పక్కన అడవి అంచున కూర్చున్నాం. కోతులు వచ్చాయి, మా సంచి మీద కన్నేసి, కుయా కర్ర చూసి వెళ్లిపోయాయి. మొసలి పిల్లంత ఉడుము ఒకటి నాలుక చాపుకుంటూ మా బూట్ల పక్క నుంచే నడిచింది. కాసేపటికి పొదల్లో ఆకులు గలగలమన్న చప్పుడు. నా గుండె ఆగినంత పనైంది. బయటికి వచ్చింది తబోన్. ముదురు గోధుమ రంగు, పెద్ద పాదాల అడవికోడి. ఇది గుడ్లను పొదగదు. ఆకులూ మట్టీ కుప్ప పోసి లోపల పూడ్చిపెడుతుంది, ఆ వేడికి పిల్ల తయారై తనే తవ్వుకుని బయటపడుతుంది. దక్షిణ పలవాన్‌లో ఆదిమానవుల ఎముకలు దొరికిన తబోన్ గుహలకు ఆ పేరు దీని వల్లే వచ్చింది. వేరే రోజయితే ఈ పిట్ట కోసమే ఒక పూట కూర్చునేవాణ్ణి.

రెండున్నర గంటలు గడిచాయి. తందికన్ రాలేదు. ఒకసారి మాత్రం లోయలోంచి గరగరమని ఒక అరుపు వినబడింది. తుప్పు పట్టిన తలుపు తీసినట్టు, వెంటనే మూసినట్టు. కుయా వేలు పైకెత్తాడు. "అదే" అన్నాడు.

ఆ అరుపు విన్నాక నాకు ఇల్లు గుర్తొచ్చింది. మా వైపు కలివికోడి సంగతి ఇలాంటిదే. జెర్డాన్ అనే ఇంగ్లీషు డాక్టరు 1848లో దాన్ని లోకానికి చెప్పాడు. 1900 తర్వాత ఎవరికీ కనబడలేదు, ఇక అంతరించిందనే రాసేశారు. అయితే లంకమల పల్లెల్లో వేటగాళ్లకు దాని పేరు తెలుసు. కలివి పొదల మధ్య రాత్రిపూట పరుగెత్తే కోడి కాబట్టి కలివికోడి. 1986 జనవరిలో ఆ మనుషుల సాయంతోనే అది మళ్లీ దొరికింది. దాని కోసం అభయారణ్యం వచ్చింది, తెలుగు గంగ కాలువ దారి మళ్లింది. ఆ తర్వాత మళ్లీ ఏళ్లకేళ్లు జాడ లేదు. 2025 ఆగస్టులో దాని కూత రికార్డయిందన్న వార్త వచ్చిన పొద్దున, నేను బళ్లో తొమ్మిదో తరగతి పాఠం ఆపేసి పిల్లలకు ఆ సంగతే చెప్పాను. అక్కడ పుట్టి పెరిగి జీవశాస్త్రం చెప్పే నేను, కలివికోడిని ఒక్కసారి కూడా చూడలేదు.

అందుకే ఇరవై వేలంటే నాకు ధైర్యం రాదు. ఒక్క చోటే ఉండే పిట్టకు అంకెలకన్నా ఆ చోటే ముఖ్యం.

మధ్యాహ్నం గుహలోకి వెళ్లాం. తలకు హెల్మెట్, చెవులకు వివరాలు చెప్పే యంత్రం, ఎనిమిది మంది పట్టే తెడ్డు పడవ, ముందు కూర్చున్నవాళ్ల చేతిలో లైటు. పైకి చూసేటప్పుడు నోరు మూసుకోమన్నారు, గబ్బిలాలు వేలల్లో ఉన్నాయి. చీకట్లో టిక్ టిక్ మని చప్పుడు చేసుకుంటూ, ఆ ప్రతిధ్వనిని బట్టి దారి వెతుక్కునే పిట్టలు తల పక్కనుంచే దూసుకుపోయాయి. గొప్ప చోటే. మనసు మాత్రం బయట అడవిలోనే ఉండిపోయింది.

నాలుగో రోజు

తెల్లవారకముందే లేచాం. కుయా ఈసారి అడవి లోపలికి వెళ్లే దారి పట్టించాడు. ముదురు రంగు బట్టలు, మాటలు వద్దు, ఫోన్లు ఆఫ్. నేల అంతా తడి ఆకులు, మధ్యలో మొనదేలిన సున్నపురాళ్లు. అడుగు చూసి వేయాలి. పైన ఎక్కడో తలుసి కూసింది, ఇది కూడా పలవాన్‌లోనే ఉండే కొమ్ముపిట్ట.

గంట నడిచాక కుయా ఆగి కింద చూపించాడు. మంచం వెడల్పున్న నేల. చుట్టూ చీలమండల లోతు ఆకులుంటే, అక్కడ ఒక్క ఆకు లేదు. మా అమ్మ తెల్లవారుజామున కళ్లాపి చల్లబోయే ముందు ఊడ్చిన వాకిలి ఎట్లుంటుందో అట్లుంది. మట్టి మీద గోళ్ల గీతలు. మగ తందికన్ కాళ్లతో ఆకులు గీరి తోసి చేసుకున్న అరుగు అది. పెట్టను పిలిచి ఆడేది ఇక్కడే.

అక్కడికి ఇరవై అడుగుల దూరంలో, పడిపోయిన మాను వెనక కూర్చున్నాం. ఆ మాను కూడా ఒడెట్ పడేసిందే. చీమలు పాకాయి, కదలకుండా కూర్చున్నాం. మా వాడి మోకాలి మీద జలగ ఎక్కితే వాడు వేలితో తీసి పక్కన పెట్టాడు, చప్పుడు చేయలేదు. వాడి మీద నాకు గౌరవం పెరిగింది.

ఎనిమిది దాటాక వచ్చాడు.

మొదట చెంప మీది తెల్లమచ్చ కనబడింది. నీడలో అది ఒక్కటే కదులుతూ వచ్చింది. తర్వాత మనిషి మొత్తం. మనిషి అంటున్నాను, ఎందుకో ఆ క్షణంలో అలాగే అనిపించింది. ఒళ్లు నల్లగా ఉంది. ఒక అడుగు వేశాడు, ఆకుల సందుల్లోంచి ఎండ ముక్క వీపు మీద పడింది. నలుపు కాస్తా నీలమైంది. మరో అడుగు, నీలం ఆకుపచ్చ అయింది. ఎండలోంచి తప్పుకోగానే మళ్లీ నలుపు. మా ఇంట్లో ధర్మవరం నేత చీర ఒకటుంది, పెట్టెలోంచి తీసి మడత విప్పితే రంగు ఇలాగే మారుతుంది. నెత్తి మీద సన్నటి పొడవాటి కుచ్చు. అర కిలో కూడా తూగడు, మా ఊరి నాటుకోడి పెట్టకన్నా చిన్నవాడు. కాళ్లకు ఒక్కోదానికి రెండేసి ముళ్లు. తోక గోధుమరంగు మీద ఇసుక చల్లినట్టు చిన్న చుక్కలు, వాటి మీద నీలాకుపచ్చ కళ్లు. నెమలి కన్ను పెద్దది, మెత్తగా చెదిరినట్టుంటుంది. ఇవి గట్టిగా, గుండ్రంగా, చుట్టూ నల్లటి అంచుతో, గాజు గుండీలు కుట్టినట్టున్నాయి.

అరుగు మీద రెండు ఆకులు రాలి ఉన్నాయి. ముందు వాటి సంగతి చూశాడు. కుడికాలితో ఒకటి, ఎడమకాలితో ఒకటి వెనక్కి తోశాడు. తర్వాత దేన్నో ముక్కుతో పట్టుకుని, తినకుండా నేల మీద పెట్టాడు. మళ్లీ పట్టాడు, మళ్లీ పెట్టాడు. అప్పుడు చూశాను పెట్టను. వెనక పొదలో ఎప్పటి నుంచో నిలబడి ఉంది. గోధుమరంగు ఒళ్లు, తెల్లటి ముఖం, ఆకుల్లో ఆకులా. మెల్లగా వచ్చి అతను పెట్టినదాన్ని తీసుకుంది.

ఆమె తల వంచగానే అతను ఒక పక్కకు ఒరిగిపోయాడు. ఒళ్లంతా పలకలా పలచబడింది. అటు రెక్క నేలకు దిగింది, ఇటు రెక్క పైకి లేచింది, తోక విసనకర్రలా విచ్చుకుని ఆమె వైపు వాలింది. తోక మీది కళ్లన్నీ ఒక్కసారి తెరుచుకున్నాయి. తల వెనక కుచ్చు ముందుకు వంగింది. ఆ భంగిమలో వణుకుతూ అలాగే నిలబడ్డాడు. పది సెకన్లు ఉంటుందేమో. కెమెరా నా ఒళ్లోనే ఉంది. ఎత్తలేదు, ఎత్తాలని తోచలేదు.

పెట్ట పట్టించుకోకుండా నాలుగు అడుగులు పక్కకు వేసి పొదలోకి వెళ్లింది. అతను రెక్కలు సర్దుకుని వెనకే వెళ్లాడు. అరుగు ఖాళీ అయింది.

కుయా నా భుజం మీద చెయ్యి వేసే దాకా నేను ఏడుస్తున్నట్టు నాకు తెలియలేదు.

తిరిగొచ్చే దారిలో ఆయన ఒక మొక్క దగ్గర కూర్చుని, వంచిన కొమ్మకు ముడేసి ఉన్న నైలాను దారం తీసి జేబులో పెట్టుకున్నాడు. ఉచ్చు. వాళ్ల మాటల్లో సిలో. అడవికోడి కోసం పెట్టినా నేల మీద నడిచే ప్రతిదీ దాంట్లో పడుతుంది. పారేసిన నైలాను దారం పెసో ఖర్చు లేకుండా దొరుకుతుంది. తందికన్ పెట్ట ఒక విడతకు పెట్టేది రెండే గుడ్లు. ఒక ఉచ్చులో ఒక పెట్ట పడితే లెక్క ఎంత దూరం పోతుందో ఎవరైనా చేసుకోవచ్చు. "నా చిన్నప్పుడు మా నాన్న కూడా పెట్టేవాడు" అన్నాడు కుయా, దాచకుండా. "ఇప్పుడు నేను తీస్తున్నాను."

అయిదో రోజు

మధ్యాహ్నం వ్యాను, అప్పటి దాకా ఖాళీ. కుయా ఇంట్లో కాఫీకి పిలిచారు. వాళ్ల ఆవిడ అన్నం, ఎండుచేప వేయించి పెట్టింది. మా ఇంటి వాసనే.

మాటల్లో గనుల సంగతి వచ్చింది. దక్షిణ పలవాన్‌లో నేల కింద నికెల్ ఉంది. బ్యాటరీలకు కావాలి కాబట్టి లోకమంతా అడుగుతోంది. నికెల్ ఉన్న మట్టి మీదే అడవీ ఉంది. పై మట్టి తీస్తే గానీ నికెల్ రాదు, పై మట్టి తీశాక తందికన్ నడిచే నేల ఉండదు. కొత్త గనులకు 50 ఏళ్ల పాటు అనుమతులు ఇవ్వకూడదని 2025లో పలవాన్ రాష్ట్ర మండలి తీర్మానించింది. పాత అనుమతులు ఉన్నవి నడుస్తూనే ఉన్నాయి. ఆ తీర్మానం కోసం ఊళ్లు, చర్చిలు, యువకులు చాలా తిరిగారని కుయా చెప్పాడు. ఉత్తరాన క్లియోపాత్రాస్ నీడిల్ కొండ చుట్టూ 40,000 హెక్టార్లకు పైగా అడవిని కూడా రక్షిత ఆవాసంగా ప్రకటించుకున్నారు. బతక్ అనే అడవి జనం అక్కడివాళ్లే. వాళ్ల సంఖ్య కూడా కొన్ని వందలే. చెట్ల బంక, తేనె ఏరుకుని బతుకుతారు. అడవి పోతే పిట్టకూ వాళ్లకూ ఒకే రోజు పోతుంది.

లేవబోతుంటే కుయా అడిగాడు, "మీ ఊళ్లో కూడా మీ ఊళ్లోనే ఉండే పిట్ట ఉందా?"

చెప్పాను. పేరు రెండు మూడుసార్లు అనిపించుకున్నాడు. నాలుక 'డ' దాకా పోకుండా 'ద' దగ్గరే ఆగిపోతోంది. మా వాడు నెమ్మదిగా ముక్కలు చేసి చెప్పాడు: క, లి, వి, కో, డి. పక్షుల పేర్లు రాసుకునే చిన్న నోటుబుక్ తీశాడు కుయా. చెమటకు అట్ట మెత్తబడిపోయింది. చివరి పేజీలో, వాళ్ల అక్షరాల్లో, తందికన్ అని ముందే రాసి ఉన్న గీత కింద కలివికోడి అని రాసుకున్నాడు.

"ఎలా ఉంటుంది?" అన్నాడు పెన్ను పట్టుకునే.

సన్నటి పొడుగు కాళ్లు, గొంతు కింద ఎర్రటి గోధుమరంగు మచ్చ, రొమ్ము మీద రెండు పట్టీలు, పెద్ద కళ్లు, రాత్రి తిరుగుతుంది, అలికిడైతే ఎగరకుండా పరుగెత్తుతుంది అని పుస్తకాల్లో చదివినదంతా చెప్పాను. ఆయన అంతా రాసుకున్నాడు.

"నువ్వు చూసినప్పుడు ఏం చేస్తోంది, కుయా?"

"ఇంకా చూడలేదు" అన్నాను.

ఆయన పెన్ను మూత పెట్టాడు. బయట వ్యాను హారన్ కొట్టింది.